లాల్‌సాబ్ కాళ్లకు నీళ్లు

“తాతా, ఊర్ల పీర్ల పండుగకు నల్లంగి వేసుకొని పోయినవంట గదా. ఊరోళ్లందరు నవ్విన్రంట. ఏమైందే?”

ఎవలు చెప్పిన్రు నీకు? మీ నాయినమ్మనేనా? ఆమె నోట్ల నువ్వుగింజ నానదు. సరే కూసో, ఆ ఫోను జర పక్కకు పెట్టు. నవ్విన్రు, నవ్వలేదంటలేను. కాని నవ్వింది మొదట్ల. ఆ తర్వాత ఏమైందో మీ నాయినమ్మకు గూడ సగమే చెప్పిన. ఇయ్యాల నువ్వొచ్చినవ్, ఆమె గుడికి పోయింది, తాపీగ చెప్త.

నా పేరు ఉస్సేనయ్య ఎందుకని చిన్నప్పుడు అడిగితివి, యాదున్నదా? కరెంటాఫీసుల గూడ అందరు అడిగేటోళ్లు. కొత్తగొచ్చిన పెద్దసారొకాయన రంజాన్ పండుగకు నాకు సలాం చెప్పి, బక్రీదుకు చెప్పి, దీపావళికి నా టేబుల్ మీద మిఠాయి చూసి పరేషాన్ అయిండు. మా ఊర్ల ఇంటికొక ఉస్సేనయ్య, ఆశన్న, లాలయ్య, ఫకీరయ్య ఉంటరు. ఊరు మొత్తం దేవులాడినా సాయిబుల ఇల్లు ఒక్కటి గూడ లే. పీర్లు మాత్రం ఉన్నయి. పీరంటే మన పాతబస్తీల అలం అంటరు సూడు, అదే. పొడుగు కట్టె, పైన చెయ్యి లెక్క ఇత్తడి పంజా, కింద రంగురంగుల గుడ్డల దట్టీలు. పిల్లలు పుట్టకుంటె పీరుకు మొక్కుతరు, పుడితె పీరు పేరు పెడ్తరు. నాకు గట్లనే ఒచ్చింది పేరు.

ఇగ మా ఊర్ల ఒక్కో పీరు ఒక్కో ఇంటిది. ఊరందరు మొక్కుతరు, కాని ఎత్తేది మాత్రం ఆ ఇంటోళ్లే. లాల్‌సాబ్ పీరు మనింటిది. మన ఇంటి మగమనిషి వొంటి మీద నీళ్లు పోసుకొని ఎత్తాలె, ఇంకొకడు చెయ్యి పెట్టడు. మా నాయిన నన్ను చంకల వేసుకొని పట్నమొచ్చేటప్పుడు ఊర్ల ఇల్లమ్మిండు, పీరును మాత్రం ఇడ్వలే. ఉస్మాన్‌గంజ్‌ల మిర్చి బస్తాలు మోసేటోడు గదా, పీర్ల పండుగొచ్చిందంటె సేటుకు చెప్పడు పెట్టడు, గాయబ్. పోయేముందు పత్తర్‌గట్టిల దట్టికి గుడ్డ కొనేది. అప్పుడు గజం రూపాయి, రూపాయింబావు ఉండె. పీరుకని చెప్తె ఆ దుకాణమాయన కండ్లకద్దుకొని జానెడు ఎక్కువనే కోసేటోడు. ఎవల పీరు, ఏ ఊరు అని అడగకపోయేది. గట్ల ఉండె అప్పటి మనుషులు. ఇప్పుడూ ఉన్నరులే, మనం కలుస్తలేం గంతే.

నేను మాత్రం పోలే. నాకు బడి, తర్వాత కాలేజు, తర్వాత నౌకరి. నాయిన గూడ రమ్మని అడగలే, నువ్వు చదువుకో బేటా అనేటోడు. నాయిన పోయినంక మా చిన్నాయిన ఎత్తిండు. ఆయన ఊరి బయట చేన్ల గుడిసె వేసుకొని ఉన్నడు. ఇద్దరు ఆడిపిల్లలే, పెండ్లిళ్లయి పోయిన్రు. చిన్నాయిన చావుకు నేను పోయిన, అటు చేన్లకే పోయిన, చేన్ల నుంచే వాపస్ వచ్చిన. ఊర్లకు అడుగు పెట్టలే. మనిల్లు ఏ దిక్కున ఉండెనో గూడ నాకు ఎరుక లే. గీ మాట జర మనసుల పెట్టుకో.

చిన్నాయిన పోయినప్పటి సంది లాల్‌సాబ్ సందుక పెట్టెలనే ఉన్నడు. మిగిలిన కడుమ పీర్లు లేస్తున్నయి, తిరుగుతున్నయి, ఆయనకు గుడ్డ కప్పి ఊదు వేసి మల్ల సందుక మూసుడే. ఇగ ఈసారి పండుగ దగ్గరపడ్డంక అంజయ్య ఫోన్ చేసిండు. అంజయ్య అంటె ఆడ పీర్ల కొట్టం చూసుకునే ముజావర్. పేరుకే ముజావర్, కుమ్మరోళ్లాయన. “ఉస్సేనన్నా, ఊరంత కూసొని మాట్లాడినం. నువ్వు ఒచ్చి ఎత్తు. ఎత్తనంటవా, ఒచ్చి మాటిచ్చి పో. మా తమ్ముడు రాములుకు అప్పజెప్తం. రెండూ కాదంటివా, ఇంటోళ్లు ఇడిసిపెట్టిన పీరును ఉంచుకోరాదు. చెరువుల చల్లబెడ్తం, ఇగ తియ్యం,” అన్నడు.

నేనేమన్న? మాటిస్త పో అన్న. ఈ వయసుల మోకాళ్లు లేస్తలేవు, పీర్లెట్ల లేపుత? నేను ఇంజనీరు చదివినోన్ని, గివన్ని నాకెందుకని గూడ అనుకున్న, అబద్ధమెందుకు. పోయి మాట చెప్పి, పీర్లకు పెట్టిన తీపి మలీద తిని, పొద్దుగూకేవరకు జహనుమాల మనింట్ల పడాలె. గంతే నా ప్లాను. మా జాఫర్‌భాయ్‌కి చెప్తె, నాతోని పని చేసిన జాఫర్‌భాయ్ లేడూ, డబీర్‌పురాల ఉంటడు, ఆయన చాయ్ కప్పు కింద పెట్టి నా మొఖం దిక్కు చూసిండు. “అరె భాయ్, లోగాఁ ఉఠానేకు తరస్తైఁ, తుమే ఛోడ్‌నేకు జారైఁ?” అన్నడు. ఎత్తనీకి మనుషులు తపిస్తుంటె నువ్వు ఇడ్వనీకి పోతున్నవా అని. నేను నవ్వి లేచొచ్చిన.

ఇగ నల్లంగి సంగతి. ప్రతేడు మొహర్రం పదో దినం జాఫర్‌భాయ్ వాళ్ల గల్లీల నిలవడి నీళ్లు ఇచ్చేటోన్ని, తెలుసు గదా నీకు. యుద్ధంల ప్రాణమిచ్చినోళ్ల కోసం ఆడ అందరు నల్లబట్టలు, ఏడుపు, రొమ్ములు కొట్టుకునే మాతం. నలభై ఏండ్ల సంది చూసినోన్ని, మొహర్రం అంటె నాకంటె ఎవలకు తెలుసు అని నాకొక గర్వం. ఆ నల్లంగే వేసుకొని బస్సెక్కిన. పహాడీషరీఫ్ దాటినంక నుంచి మొఖం గూడ గంభీరంగ పెట్టుకున్న.

ఊర్ల దిగితె ఏమున్నది? డప్పులు దద్దరిల్లుతున్నయి. ఆడోళ్లు కొత్తచీరలు కట్టిన్రు. పిల్లలు పులివేషాలు వేసిన్రు. పీర్ల కొట్టం ముందట గుండం తవ్వుతరు, అలావ అంటరు దాన్ని, దాని చుట్టు పెద్దపెద్ద మనుషులు దూకుకుంట ఆడుతున్నరు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. పోయి డప్పు కొట్టేటాయన చెయ్యి పట్టుకున్న. “ఏందిది? గిది ఏడ్చే దినం. మా పాతబస్తీల జర పోయి చూడున్రి, ఎట్ల చేస్తరో,” అని లొల్లి పెట్టిన. అందరు నా నల్లంగి దిక్కు చూసిన్రు. ఒకామె కొంగు నోట్ల కుక్కుకున్నది. ఇగ నవ్వే నవ్వు. ఊర్లకు దిగి గడియ గాలే, నవ్వులపాలైన.

అంజయ్య మాత్రం నవ్వలే. నన్ను అరుగు మీద కూసోబెట్టి సల్లటి నీళ్లిచ్చిండు. “అన్నా, నువ్వన్నది నిజమే. కాని యుద్ధానికి పోయేటోన్ని ఏడ్చుకుంట తోలుతరా? ఆడుకుంట పాడుకుంట తోలాలె. తోలినంక ఏడుస్తం, ఉండి చూడు,” అన్నడు. తీసెయ్యాల్సిన మాట గాదది. మా కాడ ఏడ్చుడు నిజమే, వీళ్ల కాడ ఆడుడు నిజమే అనిపించింది. గా పొద్దు మొదటిసారి నా కోపం జర సల్లబడ్డది.

మాటిచ్చుడంటె నోటితోని చెప్పి రావుడనుకున్న నేను. గట్ల గాదంట. ఇంటోడు తానం చేసి, పీరును తనే లేపి, కొట్టంల నుంచి అలావ దాక ఎత్తుకపోవాలె. ఆడ నిలవడి రాములు భుజం మీదికి మార్చాలె. అప్పుడే ఇచ్చినట్టు. సరే, పది అడుగులే గదా. బాయికాడ తానం చేసిన, అంగి లేదు, ఒక్క తెల్లధోతి. రాములు గూడ తడిబట్టలతోని అలావకాడ తయ్యారున్నడు. నడుముకు దట్టి కట్టిన్రు. అంజయ్య సందుక తీసిండు.

బిడ్డా, నేను ఉద్యోగమంత స్తంభాలు నిలవెట్టినోన్ని. ఏ స్తంభం ఎంత బరువుంటదో చూసి చెప్త. అది చేతుల పట్టుకుంటె ఏమున్నది, మనింట్ల నీళ్ల బకెట్టు కంటె తక్కువ బరువు. కాని దట్టీలు మొఖానికి తాకినయి చూడు, ఊదు వాసన, పాత గుడ్డ వాసన, ఆ లోపలి దట్టీలల్ల మా నాయిన పత్తర్‌గట్టిల కొన్నయి గూడ ఉన్నయి గదా అనిపించింది. డప్పు అందుకున్నరు. నేను గడప దాటిన.

అలావ ఎడమదిక్కున్నది. రాములు ఆడ చేతులు చాపి నిలవడ్డడు, నాకు కనవడుతున్నడు. నేను ఎడమకే తిరగాలె. నా కాళ్లు కుడికి తిరిగినయి.

నవ్వకు. నేను గూడ నవ్వేటోన్ని, ఇంకెవలన్న చెప్తె. ఆగుదామనుకున్న, ఆగలే. వెనకకు లాగిన, పీరు ముందటికే వంగింది. గీ మోకాళ్లతోని మనింటి మెట్లెక్కనీకి కూసుంట లేస్త నేను, ఆడ ఉరికిన. నిజంగ ఉరికిన. జనం అటుఇటు జరిగిన్రు. డప్పులోళ్లు దరువు మార్చిన్రు, వెనకంగ ఊరంత ఉరికొస్తున్నరు, “అసైదులా” అని ఒకటే పీర్ల కేక. సిమెంటు రోడ్డు దాటిన, ఒక సందుల చొచ్చిన, మల్ల ఒక మూల తిరిగిన, ఎవలు తొవ్వ చెప్పలే నాకు. ఎండ మొఖం మీద కొడుతున్నది. ఒక ఇంటి ముందటికి పోయేవరకు పీరు నిలవడ్డది. ఒక్కపారి. నేను గూడ నిలవడ్డ.

కొత్తిల్లే. ఇనుప గేటు, మిద్దె మీద డిష్షు. గేటు బార్ల తెరిచి ఉన్నది. గడప తుడిచి పసుపు రాసిన్రు. గడపల ఒక ముసలామె, నా ఈడుదే, సంకల నిండు బిందె పెట్టుకొని నిలవడి ఉన్నది. నేనొచ్చినంక ఉరికొచ్చింది గాదు, సముజైతుందా? నేను వచ్చేసరికే నిలవడి ఉన్నది.

ఆమె నా మొఖం చూడలే. పైకి, పంజా దిక్కు చూసింది. “ఒచ్చినవా లాల్‌సాబూ,” అన్నది. గంతే. ఇంత పెద్దగ గూడ అనలే, పొద్దున పోయి పొద్దుమీకి ఇంటికొచ్చినోన్ని పలకరిస్తరు చూడు, గట్ల. బిందె వంచి నా కాళ్ల మీద నీళ్లు పోసింది. సల్లటి నీళ్లు. నాకు నెత్తి నుంచి కాళ్ల దాక జల్లుమన్నది. డప్పులు ఆగినయి. ఆమె వంగి ఆ తడి మీదనే నొసలు పెట్టింది. అప్పుడు అంజయ్య నా చెవుల చెప్పిండు, ఇది మీ ఇల్లే ఉస్సేనన్నా అని. మీ నాయిన అమ్మింది గిదే అని.

నేను మస్తు ఆలోచన చేసిన తర్వాత. చంకల పిల్లగాన్నై పోయినోన్ని, నాకు తొవ్వెట్ల తెలుస్తది? జనమే తోసి ఉంటరు. ఆ దిక్కు పల్లముండొచ్చు. డప్పులోళ్లకు తెలుసు, వాళ్లే అటు మలిపి ఉంటరు. ఇంజనీరు బుద్ధి గదా, ఊకోదు. లేకపోతె లాల్‌సాబే తీసుకపోయిండా? నాకు తెల్వదు బిడ్డా. ఏది నిజమని నువ్వడిగితె నేను చెప్పలేను. కాని ఆమె నిండు బిందెతోని నిలవడ్డది మాత్రం నిజం. నేను ఊర్లకు ఎందుకొచ్చిన్నో ఊరందరికి ఎరుక. అలావకాడ ఇచ్చేసి పోతడని ఆమెకు గూడ ఎరుకే. అయినా నిలవడ్డది.

ఆమె పేరు బాలమ్మ. ఇల్లు కొన్నాయనకు కోడలు. ఆమె లేచినంక నేనడిగిన, అమ్మా, ఈ దిక్కు వస్తమని నీకెవలు చెప్పిన్రు అని. “ఎవలు చెప్తరు? నేను ప్రతేడు నిలవడ్త,” అన్నది. పీరు సందుకల ఉన్నప్పుడు గూడనా అన్న. “సందుకల ఉంటె ఏంది? పదోనాడు తానం చేసి బిందె నింపుకొని నిలవడుడే. కడుమ పీర్లు పోయేదాక చూసుడు, గడప మీద పోసుకునుడు, లోపటికి వచ్చుడు. ఇల్లమ్మిన నాడు మీ నాయిన మా మామతోని అన్నడంట, గోడలు నీయి, గడపల నీళ్లు మాత్రం లాల్‌సాబ్‌యి అని. మా మామ సరేనన్నడు. మా అత్త పోసింది, ఆమె పోయినంక నేను పోస్తున్న. ఇల్లు పాతదై కూలగొట్టి కట్టినం గదా, అప్పుడు గూడ దర్వాజ జాగ జరపలే,” అన్నది.

ఎవల పీరు, ఎవల మాట. రాయలే, దస్కతు పెట్టలే. నేను కన్నకొడుకును, నాకే పట్టలే. సంబంధం లేని ఇల్లు, ఉత్త గడప మీద నీళ్లు పోసుకుంట ఇన్నేండ్లు ఎదురుచూసింది. నేను పాతబస్తీల పెద్దపెద్ద జులూసులు చూసిన, ఏనుగు మీద అలం పోంగ చూసిన. ఆ ముసలామె ముందట అవన్ని చిన్నగనే అనిపిచ్చినయి. ఇప్పటికి గూడ తలుసుకుంటె రోమాలు లేస్తయి, సూడు.

ఇగ నాకొక ఆలోచన తట్టింది. పెద్ద తెలివి చేసిన్ననుకున్న. రాములుకెందుకు, ఈ ఇంటికే ఇస్త పీరు. నిలబెట్టినోళ్లు వీళ్లే గదా, హక్కు వీళ్లదే. బాలమ్మ కొడుకు పక్కకే నిలవడ్డడు, మంచి బలమున్నోడు. “అమ్మా, నీ కొడుకు భుజం చూపియ్యుమను, అందరి ముందట ఇస్త,” అన్న. ఆ పిల్లోడు ఒకడుగు ముందటికేసిండు గూడ.

ఆమె బిందె కింద పెట్టింది. “వద్దు అన్నా,” అన్నది. “మేం ఎదురొచ్చి నీళ్లు పోసెటోళ్లం. మీరు ఎత్తుకొచ్చెటోళ్లు. రెండూ మేమే అయితె పీరు ఎవలింటికని వస్తది? ఎవలు ఎదురొస్తరు దానికి?”

ఆ పిల్లోడు ఏసిన అడుగు వెనకకు తీసుకున్నడు. అంజయ్య తల వంచుకున్నడు. రాములు వచ్చి నా మోచెయ్యి కింద చెయ్యి పెట్టిండు. “పా అన్నా, నువ్వే ఎత్తు, నేను పట్టుకుంట,” అన్నడు. ఇద్దరం కలిసి ఊరంత తిరిగినం. ప్రతి గడపల నీళ్లు పోసిన్రు, పసిపిల్లలను తెచ్చి పీరు నీడల పండుకోబెట్టిన్రు. పొద్దు వాలేటప్పుడు చెరువుకు పోయినం. దట్టీలు విప్పి, పంజాలు కడిగి, సల్లబెట్టి, మల్లేటికని సందుకల పెట్టిన్రు. అప్పుడు డప్పులు బంద్. అప్పుడు ఏడ్చిన్రు చూడు ఊరోళ్లు, ఆడిమగ, ఆ పులివేషమేసిన పిల్లలు గూడ రంగు కారంగ ఏడ్చిన్రు. అంజయ్య చెప్పింది నిజమే. నేను గూడ ఏడ్చిన. మా నాయిన కోసం ఏడ్చిన్నో, లాల్‌సాబ్ కోసమో, ఎవలికోసమో, అన్ని కలిసొచ్చినయి.

బస్సెక్కే ముందు బాలమ్మ ఇంట్ల తినిపోవాలని పట్టువట్టింది. మనింట్లనే అన్నట్టు, పాత మనింట్ల. జొన్నరొట్టె, చింతకాయ తొక్కు, మలీద. వడ్డిచ్చుకుంట నన్ను కింది నుంచి మీది దాక చూసింది, నా మోకాళ్లు చూసింది, నడుం చూసింది. పల్లెటూరోళ్లకు దాపరికం ఉండదు. “మల్లేడు వస్తవు సరే. నీ తర్వాత ఎవలొస్తరన్నా?” అన్నది. “నాకు గూడ వయసైపాయె. నా కోడలికి చెప్పాలె, ఎవలి కాళ్లకు పొయ్యాల్నో.”

మీ నాయిన రాడు. వాడికి బెంగుళూరే బయటి ఊరు, ఊరంటె తెల్వదు వానికి. నా నోట్లకెల్లి నీ పేరే వచ్చింది. నిన్ను అడగలే. ఫోన్ చెయ్యలే. మా మనుమడు ప్రద్యుమ్న వస్తడు అని చెప్పిన. ఆమెకు నోరు తిరగలే, పద్దుమన్న పద్దుమన్న అని రెండుమూడు సార్లు అనుకున్నది, కోడలిని పిలిచి ఆమెతోని గూడ అనిపిచ్చింది.

నువ్వేం ఇప్పుడే చెప్పకు. నీకు నీ ఆఫీసున్నది, లాప్‌టాప్ ఉన్నది, నాకు తెలుసు. నీకు ఇష్టం లేకపోతె బలవంతం చెయ్య, మాటిచ్చింది నేను, నువ్వు గాదు. కాని రానంటె గా మాట నాతోని చెప్పకు. ఒక్కపారి ఆ గడప కాడికి పోయి, ఆమెతోని చెప్పు. పదోనాడు పోకు, ఆ దినం ఆమె చేతుల బిందె ఉంటది.

పో ఇగ, మీ నాయినమ్మ వచ్చే యాళ్ల అయింది. సల్లగ బతుకు బిడ్డా, నీ కాళ్లకు ఏ ముల్లు ఇరగకుండ… ఆ కాళ్లు మంచిగ ఉండాలె, నీ కాళ్లు…